టీచరమ్మ చూపించిన మూకీ తల్లి

మా టీచరమ్మ పోయారు. మంగళవారం పొద్దున్నే బిట్రగుంట నుంచి ఫోన్ వచ్చింది. బళ్ళో నాకు తెలుగు చెప్పారు, రిటైరయ్యాక ఊరి ఆడవాళ్ళకు జర్మన్ మూకీ సినిమాలు చూపించారు. రెండో సంగతి చెబితే చాలామంది నవ్వుతారు. నవ్వనివ్వండి.

ఆదివారం మధ్యాహ్నం రైల్వే కాలనీలోని ఆమె ఇంట్లో కిటికీలు మూసి, గోడకు తెల్ల పంచె కట్టేవాళ్ళం. ప్రొజెక్టర్ పని నాది. జర్మన్ అక్షరాల కింద వచ్చే ఇంగ్లీషు చదువుకుని ఆమె మన మాటల్లో కథ చెప్పేవారు. చేపలమ్మే ఆడవాళ్ళు గంపలు వరండాలో దించి వచ్చి కూర్చునేవాళ్ళు. "ఏడుపొస్తే ఏడవండమ్మా, తెరేం తడవదులే" అనేవారు టీచరమ్మ.

అందరూ మళ్ళీ మళ్ళీ అడిగేది ఒక తల్లి కథ. బిడ్డను సాకలేక గొప్పింటివాళ్ళకిచ్చి, ఆ ఇంట్లోనే బట్టలుతికే పనికి చేరుతుంది. కూతురు ఆమెను పేరు పెట్టి పిలుస్తుంది. పెళ్ళినాడు కూతురి గౌను అంచు సర్ది, తల్లి పక్కకు తప్పుకుంటుంది.

"చెప్పెయ్ తల్లీ! కన్నది నేనేనని చెప్పెయ్!" అని మావాళ్ళు అరిచేవాళ్ళు.

"చెప్తే పెంచినామె ఏమైపోవాల?" అనేవారు టీచరమ్మ.

నాకు ఒళ్ళు మండేది. "మీకు పిల్లల్లేరు గనక అట్టంటారు టీచర్" అనేశాను ఒకసారి. "ఆ వైరు సరిగ్గా పెట్టు" అన్నారంతే. తల్చుకుంటే ఇప్పుడు నాలుక కోసుకోవాలనిపిస్తోంది.

కావలి నుంచి తన అక్క కూతురు వచ్చిందంటే మాత్రం టీచరమ్మ, నూనె రాసి జడ వేసేదాకా వదిలేవారు కాదు. ఆ పిల్లకు నలభై దాటాయి!

చివరి స్నానానికి మేం చీరలు అడ్డం పట్టుకున్నాం. టీచరమ్మ అక్క, ఎనభై ఏళ్ళ మనిషి, చెంబు తీసి కూతురి చేతిలో పెట్టింది.

"తొలి చెంబు నువ్వే పొయ్యాల. నిన్ను కన్నది ఇదేనమ్మా. నాకు బిడ్డల్లేరని పురిట్లోనే నిన్ను నా ఒళ్ళో పెట్టింది. నీకు చెప్పగూడదని ఒట్టేయించుకుంది. మొగుడు పోయి ఒంటిదైనా నిన్ను వెనక్కి అడగలా" అని కూలబడి ఏడ్చింది.

కూతురు ఆమెను పొదివి పట్టుకుంది. "నాకు తెలుసులే. ఆ సినిమా చూసినప్పుడు పిన్ని మొహం చూసినా. నువ్వు బాధపడతావని నేనూ అడగలా."

తర్వాత టీచరమ్మ మీదికి వంగి నీళ్ళు పోసింది. "అమ్మా" అంది. మళ్ళీ ముంచింది, మళ్ళీ అంది. బిందె ఖాళీ అయ్యేదాకా, చెంబు చెంబుకీ అంటూనే ఉంది.