కొట్టేసిన మైనస్ ఏడు

మా ట్యూషన్ సారు లెక్కల్లో తనంతటివాడు లేడని నమ్మేవాడు. అలా నమ్మేది ఆయనొక్కడే. డెబ్బైల చివర, నేను పదో తరగతి. కాజీపేటలో రైల్వేవాళ్ల పిల్లలం పదిమందిమి పొద్దున్నే ఆయన వరండాలో చేరేవాళ్లం. ఆయన పళ్లు తోముకుంటూ వచ్చి, నోట్లో నురగతోనే పాఠం మొదలుపెట్టేవాడు.

మా బాపు లోకోషెడ్డులో ఫిట్టరు. "ఇంటర్ల లెక్కల గ్రూపు సీటొస్తే చదువు బిడ్డా, రాకుంటే కుట్టుమిషన్ నేర్చుకో" అన్నాడు. నాకు కుట్టుమిషన్ చూస్తేనే ఒళ్లు మండేది.

వర్గ సమీకరణాలన్నీ సారు పొలాలతోనే చెప్పాడు. చదరపు పొలం వైశాల్యం ఇస్తారు, భుజం కనుక్కోవాలి. జవాబులు రెండొస్తాయి, ఒకటి ప్లస్, ఒకటి మైనస్. పొలం భుజం మైనస్ ఉండదు కాబట్టి రెండోది కొట్టేయాలి. అంతవరకు సరే. ఆ మహానుభావుడు దాన్నే శాసనం చేశాడు. లెక్కలో పొలం ఉన్నా లేకున్నా మైనస్ జవాబు కొట్టేయాల్సిందే, అదీ స్కేలు పెట్టి నీటుగా.

ఒకరోజు ఉండబట్టలేక అడిగాను. "సార్, మైనస్ ఐదును మైనస్ ఐదుతోని గుణిస్తే ఇరవై ఐదే గద. ఈ లెక్కల పొలమే లేదు. ఎందుకు కొట్టెయ్యాలె?"

"నాకే చెప్పేదానివైనవా? ఇరవై ఏండ్ల సంది చెప్తున్న. పోయి గోడకు నిలబడు."

గంటసేపు నిలబడ్డాను. మిగతా తొమ్మిదిమంది గొర్రెల్లా తలలు వంచుకుని గీతలు గీస్తున్నారు. వాళ్లను చూస్తే రోత పుట్టింది. నేను వాళ్లలాంటిదాన్ని కాదనుకున్నాను.

పబ్లిక్ పరీక్షలో ఎక్స్ స్క్వేర్ నలభై తొమ్మిదికి సమానమైతే ఎక్స్ ఎంత అని వచ్చింది. ఏడు రాశాను. కింద మైనస్ ఏడు రాశాను. రెండూ సరైనవేనని నాకు తెలుసు. అయినా ఆ గోడ గుర్తొచ్చి, మైనస్ ఏడును కొట్టేశాను.

ఒక్కో జవాబుకు రెండు మార్కులు. కాలేజీ నోటీసు బోర్డు మీద చివరి సీటు దొరికినవాడికి నాకన్నా ఒక్క మార్కు ఎక్కువ. బాపు ఆ వారంలోనే కుట్టుమిషన్ తెచ్చి కిటికీ దగ్గర పెట్టాడు.

సారును ఏళ్ల తరబడి తిట్టుకున్నాను. ఆయనకు ఆ తిట్లు తగినవే. కానీ పరీక్ష హాల్లో ఆయన లేడు. జామెట్రీ డబ్బాలోంచి స్కేలు తీసింది నేను. ఆ గీత ఎక్కడా వంకర పోలేదు.