రెండు సంచులు, మధ్యలో పుంగనూరు

ఈ సాయంత్రం కుప్పం నుంచి అమ్మ ఫోన్ చేసి, ఈసారైనా పురిటికి తన దగ్గరికే రమ్మంది. నాకు మళ్లీ నెలలు నిండుతున్నాయి. రానన్నాను. అమ్మ వెంటనే ఫోన్ పెట్టేసింది. ఇప్పుడు మూడేళ్ల మా అమ్మాయి మంచానికి అడ్డంగా పడి నిద్రపోతోంది, దాని తండ్రి మిగిలిన మూలలో ముడుచుకుని గురకపెడుతున్నాడు, నాకేమో కడుపులో బిడ్డ తిరిగినా భయమే, తిరగకపోయినా భయమే. నిద్ర పట్టక, వాళ్ల మీద వెలుతురు పడకుండా వంటింట్లో కూర్చుని ఇది రాస్తున్నాను. నా వయసువాళ్లకు, ఒక కాన్పో రెండు కాన్పులో దాటినవాళ్లకు చెప్పుకోవడానికి నాకు సిగ్గులేదు. మొదటిసారి కూడా నేను ఇలాగే భయపడ్డాను. భయపడుతూనే ఎదురుతిరిగాను.

అప్పట్లో మేము మదనపల్లెలో రెండు గదుల అద్దె ఇంట్లో ఉండేవాళ్లం. నేనొక ప్రైవేటు కాలేజీలో పాఠాలు చెప్పేదాన్ని, ఆయన పాల కేంద్రం నడిపేవాడు. ఆయన సొంతూరు రామసముద్రం దగ్గర ఒక పల్లె, ఇంటినిండా ఆవులు. నేను నీళ్లోసుకున్నానని తెలియగానే మా అత్త ఆవులను మామకు అప్పగించి మా దగ్గరికి వచ్చేసింది, వస్తూనే కొడుకు క్షవరం మాన్పించింది. కడుపుతో ఉన్నదాని మొగుడు కత్తి తగలనివ్వకూడదట. గడ్డం గుండెల దాకా పెరిగేసరికి, పాలు పోయడానికి వచ్చినవాళ్లంతా ఏమన్నా, మాల వేసినావా అని అడగడం, ఆయన అవుననలేక కాదనలేక పాలు కొలవడం, అదొక వేడుకగా గడిచింది.

గడ్డం దాకా నాకు పేచీ లేదు. పేచీ ఎక్కడంటే, మా వైపు తొలికాన్పు పుట్టింట్లో జరగాలి. మొగుడు భార్యను అక్కడ దిగబెట్టి వెనక్కి వచ్చేయాలి, కబురు తెలిశాక పురుడు నాటికి కొత్త బట్టలు కట్టుకుని చుట్టంలా వెళ్లి బిడ్డను చూడాలి. మధ్యలో జరిగేదంతా ఆడవాళ్ల సంగతి. నాకు ఆ మధ్యలో జరిగేదే భయం. ఆ భయానికి ఆయన నా పక్కన ఉండాలనిపించింది. అంతకంటే పెద్ద కారణమేదీ నా దగ్గర లేదు. మదనపల్లెలో నన్ను చూస్తున్న డాక్టరమ్మ కాన్పు గదిలోకి భర్తను రానిస్తానంది కాబట్టి, మదనపల్లెలోనే కంటానని పట్టుపట్టాను.

ఇద్దరం ఫోన్‌లో వీడియోలు పెట్టుకుని, చాప మీద ఎదురెదురుగా కూర్చుని, నొప్పి వచ్చినప్పుడు ఊపిరి ఎలా తీసుకోవాలో ఎలా వదలాలో సాధన చేసేవాళ్లం. ఒకరోజు అత్త బియ్యం ఏరుతూ చూసి చూసి, చేట పక్కన పెట్టింది.

"ఏందిరా, పొయ్యి ఊదినట్ల ఊదతాండావు? కనేది నువ్వా, ఆ యమ్మా?"

ఆయన సిగ్గుపడి లేచిపోబోతే నేను చెయ్యి పట్టి కూర్చోబెట్టాను. ఆవు ఈనేటప్పుడు ఈయన్నే గదా అత్తా పక్కన కూర్చోబెడతారు, నా పక్కన కూర్చుంటే తప్పేందన్నాను.

"ఆవుకు సిగ్గుండదు తల్లీ."

"నాకూ లేదు."

అత్త నవ్వాపుకోలేక చేటతో మొహం కప్పుకుంది. అమ్మ మాత్రం నవ్వలేదు. "మొగోడు అవన్నీ సూస్తే మళ్లీ నీ మొగం సూడ్డు పాపా, సెప్తాండా ఇను" అని ఫోన్‌లో ఏడ్చినంత పని చేసింది. చదువుకున్నాను కదా, నాలుగు మాటలు చెప్పి ఆమె నోరు మూయించాను గానీ, ఆ మాట నాలో దిగబడి ఉండిపోయింది. రాత్రిళ్లు ఆయన మొహం చూస్తూ, నిజంగానే ఆ తర్వాత నన్ను చూడలేకపోతే ఏం చేయాలా అని ఆలోచించేదాన్ని. పొద్దున్నే లేచి మళ్లీ చాప పరిచేదాన్ని.

చివరికి రెండిళ్లవాళ్లూ ఒక రాజీకి వచ్చారు. ఏడో నెలలో నాకు జ్వరాలు వచ్చి సీమంతం జరగలేదు కాబట్టి, తొమ్మిదో నెలలో మంచిరోజు చూసి కుప్పం వెళ్లి, పుట్టింటి గడప తొక్కి, ఒడి నింపించుకుని, ఒక రాత్రి నిద్రచేసి, మర్నాడు మదనపల్లె వచ్చేయాలి. డాక్టరమ్మ ముందు వద్దంది, మేము బతిమాలితే ఇంకా టైముంది కదా అని, కారులో మెల్లగా వెళ్లిరమ్మంది.

ఇక్కడే మేమంతా కలిసి ఒక పొరపాటు చేశాం. ఒకవేళ అక్కడే నొప్పులొస్తే అని అమ్మ కుప్పంలో ఒక సంచి సిద్ధం చేసింది. మదనపల్లెలో అత్త ఒక సంచి సిద్ధం చేసింది. పుట్టకముందే బిడ్డకు కొత్తవి కొనకూడదు కాబట్టి రెండింటిలోనూ ఒకే సరుకు: పాత నూలుచీరలు చింపి, ఉతికి, ఎండబెట్టి మడిచిన పొత్తిగుడ్డలు, నా నైటీలు, ఫ్లాస్కు. ఎక్కడ కన్నా ఇబ్బంది లేదని నేనూ ఆయనా తెగ మురిసిపోయి, దారికి అలాంటి సంచీ ఏదీ లేకుండా బయలుదేరాం. నెలల తరబడి ఊపిరితో సహా అన్నీ సాధన చేసినవాళ్లం, ఆ రెండు ఊళ్ల మధ్య బోలెడు దారి ఉందన్న సంగతి మరచిపోయాం.

కుప్పంలో ముత్తయిదువలు గాజులు తొడిగి, ఒడిలో బియ్యం, కొబ్బరి, చలిమిడి పోశారు. మర్నాడు పొద్దున కారెక్కేటప్పుడు అమ్మ వాకిట్లోకి కూడా రాలేదు. "నీ మొండితనం నీది, పోయిరా" అని లోపలినుంచే అంది. పలమనేరు దాటాక నడుం నొప్పి మొదలైంది, రోడ్డు గతుకులనుకున్నాను. పుంగనూరులోకి వస్తుండగా కూర్చున్న సీటు తడిసిపోయింది. ఉమ్మనీరు పోయిందని ఇద్దరికీ ఒకేసారి అర్థమైంది.

డ్రైవరు అద్దంలో చూసి, "అన్నా, మదనపల్లెకు లాగించేద్దామా?" అన్నాడు. ఆయన నా మొహం చూశాడు. "వద్దప్పా, ఈడనే యాడన్నా ఆస్పత్రి సూడు" అన్నాడు.

అది చిన్న నర్సింగ్‌హోం, మమ్మల్ని ఎరిగినవాళ్లు ఎవరూ లేరు. ఒడిబియ్యం మూటతో, చేతులనిండా పచ్చగాజులతో, పసుపు కాళ్లతో వంగి నడుస్తున్న నన్నూ, నా వెనక ఆ గడ్డాన్నీ చూసి నర్సమ్మ ఏమనుకుందో గాని, కాన్పు గది గుమ్మం దగ్గర చెయ్యి అడ్డం పెట్టింది.

"మొగోళ్లు బయటుండాలప్పా. ఆడతోడు యాడమ్మా?"

"ఈయనే నా తోడు."

"ఆడతోడు అంటిని."

"మా యమ్మ కుప్పంలో ఉండాది, మా యత్త మదనపల్లెలో ఉండాది. ఈడ నాకుండేది ఈయనొక్కడే. ఈయన రాకుంటే నేనూ రాను."

అని, నొప్పి మీద నొప్పి వస్తున్నా, ఆయన చొక్కా పట్టుకుని నడవలో బల్లమీద కూర్చున్నాను. అది తెలివైన పని కాదని నాకూ తెలుసు. నర్సమ్మ నన్ను తిట్టింది, బతిమాలింది, మళ్లీ తిట్టింది. ఆయన కూడా, పోనీలే మేయ్, బయటే ఉంటాలే అన్నాడు. నేను చొక్కా వదల్లేదు. లోపలినుంచి నా ఈడే ఉన్న డాక్టరమ్మ వచ్చి ఒక్క చూపు చూసి, "రానీ సిస్టర్, ఆ గడ్డానికి మాత్రం మాస్కు కట్టించు" అంది.

తర్వాత చాలాసేపు సరదాలేమీ లేవు. బిడ్డ గుండె చప్పుడు నెమ్మదిస్తోందని డాక్టరమ్మ నర్సుతో అన్న మాట నాకు వినిపించింది. నన్ను ఎడమవైపు తిప్పి ముక్కుకు ఆక్సిజన్ పెట్టారు. కాసేపు చూస్తాను, పుంజుకోకపోతే కోత తప్పదంది. అమ్మ మాట విని కుప్పంలోనే ఉండిపోయి ఉంటే అని మొదటిసారి అనిపించింది. ఆయన వైపు చూశాను. నేర్చుకున్న ఊపిరి పాఠమంతా గాలికి పోయింది. తడిసిన కళ్లతో నా నడుం నిమురుతూ, ఆవుతో మాట్లాడినట్టు, "అంతే తల్లీ, అంతే, అయిపోతాండాది, ఇంగొక్క రవ్వ" అంటున్నాడు.

"నన్ను ఆవనుకున్నావా?" అని అరిచాను.

"తిట్టమ్మా, బాగా తిట్టు, ఆ ఊపులోనే ముక్కు" అంది నర్సమ్మ.

తిట్టాను. ఆయన్నీ, ఆయన గడ్డాన్నీ, మంచిరోజు చెప్పిన పంతుల్నీ తిట్టాను. పాప పుట్టింది, వెంటనే ఏడవలేదు. ఆ కాస్త సమయంలో నేను పైకప్పు చూడలేదు, దేవుణ్ణి తలుచుకోలేదు, ఆయన మొహమే చూస్తూ పడుకున్నాను. ఆయన పాపను చూస్తున్నాడు. ఉన్నట్టుండి ఆయన మొహం మారింది, ఆ తర్వాతే నాకు ఏడుపు వినిపించింది.

బిడ్డను చుట్టడానికి గుడ్డలెక్కడని నర్సమ్మ అడిగింది. కుప్పంలో ఒక సంచి, మదనపల్లెలో ఒక సంచి ఉన్నాయని ఆయన చెప్పాడు.

"మరి పుంగనూరులో?"

"పుంగనూరులో నా లుంగీ ఉండాది."

కుప్పంలో రాత్రి కట్టుకోవడానికి తెచ్చుకున్న పాత నూలు లుంగీ. నర్సమ్మ దాన్ని పరపరా రెండుగా చించింది. మా అమ్మాయి లోకంలోకి వచ్చి కట్టుకున్న మొదటి గుడ్డ అదే.

ఆయన ఫోన్లు చేశాక, పొద్దుగూకే వేళకు అటునుంచి ఒక సంచి, ఇటునుంచి ఒక సంచి వచ్చి నడవలో ఎదురయ్యాయి. ఇద్దరు తల్లులూ ముందు బిడ్డను చూసి, తర్వాత నన్ను చూసి, ఆ తర్వాత ఒకరి సంచిలో ఒకరు చేయిపెట్టి పొత్తిగుడ్డల మెత్తదనం చూసుకున్నారు. "లుంగీనా!" అని అమ్మ, "లుంగీనే!" అని అత్త. ఆ ఒక్క విషయంలో ఇద్దరికీ మాట కలిసింది.

అందరూ కాస్త సర్దుకున్నాక, తలుపు ఓరగా వేసి ఉండగా, ఆయన గుమ్మం బయట కూర్చుని, అమ్మతో పాటు వచ్చిన మా నాన్నకు జరిగిందంతా చెప్పడం మొదలుపెట్టాడు. దాచకుండా చెప్పాడు. నేను ఎలా అరిచానో, ఎంత నెత్తురు పోయిందో, బిడ్డ గుండె చప్పుడు ఎలా తగ్గిందో, అన్నీ. నాన్న నలుగురు పిల్లలకు తండ్రి, నాలుగుసార్లూ పొలంలోనో వాకిట్లోనో ఉండి కబురు విన్నవాడు. అంతా విని, నా మంచం పక్కన గుడ్డలు మడుస్తున్న అమ్మ దగ్గరికి వచ్చి నిలబడ్డాడు.

"నువ్వు గూడా ఇట్లనే అవస్త పడితివా?"

అమ్మ మడత ఆపలేదు. "ఇప్పుడడిగితివా" అంది. అంతే. కొంతసేపయ్యాక చూస్తే అదే గుడ్డను విప్పి మళ్లీ మడుస్తోంది.

ఈ మూడేళ్లలో ఆ మాట నేను చాలాసార్లు తలుచుకున్నాను. పాతరోజులన్నీ చెడ్డవని నేననను. అమ్మకు నొప్పులొస్తే వీధిలోని ఆడవాళ్లంతా వచ్చి కూర్చున్నారట, ఒకరు నీళ్లు కాచారు, ఒకరు నడుం పట్టారు, ఒకరు ఊరికే కబుర్లు చెప్పారు. ఆ గుంపు ఇప్పుడు ఎవరికుంది? మా వీధిలో పక్కింటావిడ పేరు కూడా నాకు సరిగా తెలియదు. అంతమంది ఉన్న అమ్మకు ఒక్క మనిషి లేకుండా పోయాడు, ఎవరూ లేని నాకు ఆ ఒక్కడే మిగిలాడు. ఆ ఒక్కణ్ణి కూడా గుమ్మం బయట నిలబెట్టాలంటే నేను ఒప్పుకోను. చూస్తే మొహం చూడడన్నారు. చూశాడు. నేను బతికి బయటపడిన తీరు తెలిసిన మనిషి ఈ లోకంలో నాకు ఒకడున్నాడు.

పొద్దున్నే అమ్మకు నేనే ఫోన్ చేస్తాను. ఏ ఊళ్లో కంటానో నాకే తెలియదు, ఈ బిడ్డ ఎక్కడ ఆపమంటే అక్కడ ఆగుతాం. ఆయన మాత్రం లోపలే ఉంటాడని చెబుతాను. ఎన్నో ఏళ్లకు ఎప్పుడో ఒకసారి నా మంచం పక్కన నిలబడి, ఎలా ఉండింది అని ఆయన నన్ను అడగకూడదు.