గేటు దగ్గర సోదా పుస్తకం

బట్టల ఫ్యాక్టరీ గేటు దగ్గర రోజూ సాయంత్రం ఆడవాళ్ల సంచులు దులిపి, ఒళ్లు తడిమి పంపేవారు. అందరూ గుండీలమ్మ అని పిలిచే అక్కడి కుట్టుపనామె పదకొండేళ్లు తల వంచుకుని ఆ సోదా భరించింది. ఇప్పుడు అక్కడే పనిచేసే ఆమె కూతురు బట్ట దొంగిలించిందని కేసు పెట్టి జైల్లో వేశారు.

"కాకిపిల్ల కాకికి ముద్దమ్మా!" అని నవ్వాడు స్టేషన్లో ఎస్సై, కూతురు దొంగ కాదని చెప్పడానికి వెళ్లిన ఆమెతో.

గుండీలమ్మ కొంగు బిగించింది. "నా ముద్దు సంగతి వదిలెయ్యండి సారూ. ఆ రోజు దాన్ని సోదా చేసి, ఏమీ దొరకలేదని గేటు వాళ్లే సోదా పుస్తకంలో రాసుకున్నారు. అది తెప్పించండి. ఇన్నేళ్లూ మమ్మల్ని దొంగల్లా చూసిన పుస్తకం ఒక్కరోజన్నా మాకు పనికిరావద్దూ?"

పుస్తకం కనబడటం లేదంటోంది కంపెనీ. ఆ సాయంత్రం వరసలో నిలబడ్డ అక్కల్లారా, గుండీలమ్మ ఇంటింటికీ తిరుగుతోంది. ఆమెను చూసి తలుపు వేసుకోకండి. కోర్టుకొచ్చి చూసింది చెప్పండి.