మెట్ల మలుపులో అవకాడో చెట్టు

అవకాడో కోస్తుంటే కత్తి గింజకు తగిలి టక్కుమంటుంది. మొన్న ఆ చప్పుడుకే సుభద్ర మేడమ్ గుర్తొచ్చి, వంటింట్లో ఒక్కదాన్నే నవ్వుకున్నాను. రెండువేల సంవత్సరం దాటిన కొత్తల్లో, ఢిల్లీలో నా మొదటి ఉద్యోగంలో ఆవిడే నా పై అధికారి. సొంతూరు రాజమండ్రి, కాపురం ఆర్.కె. పురం క్వార్టర్సులో మూడో అంతస్తు. బెంగళూరు టూరు నుంచి ఎవరో బటర్ ఫ్రూట్ అని అవకాడో తెస్తే సెక్షనంతా తలో ముక్కా తిని మొహాలు చిట్లించాం. ఆవిడ మాత్రం గింజను కడిగి హ్యాండ్‌బ్యాగులో వేసుకున్నారు. దానికి మూడు చీపురుపుల్లలు గుచ్చి, జామ్ సీసాలో నీళ్ల మీద కూర్చోబెట్టారు. నెలన్నరకు వేరు దిగితే ఆఫీసులో లడ్డూలు పంచారు.

సీసా నుంచి కుండీకి, కుండీ నుంచి పెద్ద పెయింటు డబ్బాకు మారింది మొక్క. మే నెల ఎండకు గొడుగు, జనవరి చలికి ఆవిడ పాత శాలువా. "కొస తుంచితే పక్కకొమ్మలు వేస్తుందట మేడమ్, బాల్కనీ కప్పు తాకుతోంది" అన్నానొకసారి.

"నీ కూతురు పొడుగైతే తల తీసేస్తావుటే?" అన్నారు. నాకప్పటికి పెళ్లే కాలేదు.

ఆరేళ్లకు ఆవిడ రిటైరయ్యారు. ఇందిరాపురం ఫ్లాటుకు మారే రోజు నేనూ సాయానికి వెళ్లాను. సామానంతా దిగింది గానీ, చెట్టు మొదటి మెట్ల మలుపులోనే ఇరుక్కుంది. ఎటు తిప్పినా డబ్బా గోడకు, కొస కప్పుకు. పైనుంచీ కిందనుంచీ ఉచిత సలహాలు. "ఆంటీజీ, కాట్ దో నా" అన్నాడు కూలీ, కొస కోసెయ్యమని.

"ముందు నిన్ను కోస్తా" అన్నారావిడ తెలుగులో. అతను "అచ్ఛా" అని బుద్ధిగా తలూపాడు.

అంతలో గ్యాస్ సిలిండరు భుజాన మోసుకుంటూ ఒకతను పైకొచ్చి ఆగాడు. దించే చోటు లేక సిలిండరును ఈ భుజం నుంచి ఆ భుజానికి మార్చుకున్నాడు. మేడమ్ అతన్ని ఒక్కసారి చూసి, రెండో అంతస్తు వాళ్లింట్లో బ్రెడ్డు కోసే కత్తి అడిగి తెచ్చి, బొటనవేలంత కాండాన్ని పరపరా కోసేశారు. నాకు ఏడుపు ఆగలేదు.

"ఏడుపు ఇంటికెళ్లాక ఏడుద్దువు గానీ, ముందు అతనికి దారివ్వు అమ్మాయ్" అన్నారు. తెగిన కొసను మాత్రం ఎవరికీ ఇవ్వకుండా ఆవిడే పట్టుకుని కిందికి దిగారు.

ఇందిరాపురంలో ఆ మోడు చిగురించి గుబురుగా పెరిగింది. ఒక్క కాయా కాయలేదు. ఆవిడంటే నాకు ఇప్పటికీ భయం, అంతకు మించిన ప్రేమ. ఇప్పుడు సెక్షనుకు పెద్దని నేనే. రాసిన ఆఫీసు నోటు చూసి నాకే ముచ్చటేసి, ఇంకా మెరుగులు దిద్దుదామని ఫైలు నా బల్ల మీదే అట్టేపెట్టుకుంటాను. ఆ కాగితం కోసం అవతల ఎవరో నిలబడి ఉంటారని ఉన్నట్టుండి తడుతుంది. ప్రాణం ఉసూరుమంటున్నా, నన్ను అక్కడే ఆపుతున్న, అన్నిటికంటే అందంగా కుదిరిన పేరానే కొట్టేసి, సంతకం పెట్టి పంపించేస్తాను.