విమానం కింద మా నంబరు

కోరుట్ల చుట్టుపక్కల ఊళ్లలో గోడల మీద విమానాలు గీసింది మా ఆయన. నిజం విమానాన్ని ఆయన దగ్గర నుంచి ఎప్పుడూ చూడలేదు. ఏదో దుకాణం వాళ్లు పంచిన క్యాలెండర్‌లో ఒక బొమ్మ ఉండేది. దాని మీద పెన్సిల్‌తో గళ్లు కొట్టుకుని, అవే గళ్లు గోడ మీద పెద్దవిగా కొట్టుకుని, ఒక్కో గడి నింపుకుంటూ పోయేవాడు. ముందు ముక్కు, తరువాత రెక్క, చివరికి కిటికీలు. కిటికీలు ఎన్ని ఉండాలో తెలియదు కాబట్టి గోడ పొడవును బట్టి పెట్టేవాడు. ఒక ఊళ్లో గోడ మధ్యలో ఇంటి తలుపు వస్తే, దాన్నే విమానం తలుపుగా కలిపేశాడు. పొద్దున్నే ఆ ఇంటి ముసలమ్మ చెంబు పట్టుకుని అందులోంచి బయటికి వస్తే వాకిట్లో ఉన్నవాళ్లంతా నవ్వారని ఇంటికొచ్చి చెప్పాడు. ఆ రోజు మేము కూడా చాలాసేపు నవ్వుకున్నాం.

మా పెళ్లినాటికి ఆయనకు చేతినిండా పని. దుకాణాల బోర్డులు, లారీల వెనక రాతలు, ఎన్నికలొస్తే గోడలు. ఫ్లెక్సీ మిషన్లు వచ్చాక రెండేళ్లలో అదంతా పోయింది. ఊళ్లలో మాత్రం ఫ్లెక్సీ కడితే మూడో రోజుకల్లా ఎవరి గడ్డివాము మీదకో చేరేది. అందుకని గోడ మీద రాయించేవాళ్లు కొందరు మిగిలారు. ఎరువుల వాళ్లు, సిమెంటు వాళ్లు, గల్ఫ్ ఏజెంట్లు. వాళ్లలో ఒక ఏజెంటు మాకు ఎక్కువ పని ఇచ్చాడు. మేడ మీద చిన్న ఆఫీసు, అద్దాల తలుపు, లోపల చల్లగా ఉండేది. మా ఆయన్ని "ఆర్టిస్ట్ సాబ్" అని పిలిచేవాడు.

ఆ ఏజెంటు ఒకసారి మా ఇంటికి వచ్చాడు. నేను జగిత్యాలలో డిగ్రీ చదివానని మా ఆయనే చెప్పినట్టున్నాడు.

"వదినా, మీరు సదువుకున్నోళ్లు. బొమ్మ కింద రెండు మాటలు మంచిగ రాసియ్యిండ్రి. సదివితే గుండెకు తాకాలె," అన్నాడు.

బిడ్డకు అన్నం తినిపిస్తున్నాను. ఎడమ చేత్తో గిన్నె పట్టుకునే ఆలోచించి, చేయి కడుక్కుని ఒక కాగితం మీద రాసిచ్చాను. "మీ వాళ్ల క్షేమం మా బాధ్యత." అతను రెండుసార్లు చదువుకున్నాడు. "గిదే గావాలె వదినా," అని కాగితం మడిచి జేబులో పెట్టుకున్నాడు. కాలేజీలో వ్యాసానికి బహుమతి వచ్చినప్పుడు కూడా నాకు అంత సంతోషం కలగలేదు. కొడిమ్యాల నుంచి సిరిసిల్ల దాకా ప్రతి విమానం కింద ఆ మాట పడింది. ఎర్ర అక్షరాలు, పసుపు షేడు. పైన ఏజెంటు నంబరు పెద్దగా ఉండేది. కింద కుడి మూలన, చిన్నగా, మా ఆయన నంబరు. గోడలు రాసే వాళ్లంతా అట్లా తమ నంబరు వేసుకుంటారు, పని నచ్చినవాళ్లు ఫోన్ చేస్తారని.

కొన్నాళ్లకు ఏజెంటు గోడలకు కూలి ఇచ్చే బదులు మా ఆయన్నే దుబాయ్ పంపిస్తానన్నాడు. బోర్డులు తయారుచేసే కంపెనీలో ఆర్టిస్టు ఉద్యోగమట. ఆయన పాస్‌పోర్ట్ తీసుకెళ్లి ఇచ్చి వచ్చాడు. నాకు చెప్పింది ఇచ్చాకే.

అప్పటికి మా బిడ్డకు ఏడాదిన్నర. జ్వరం ఎక్కితే ఫిట్స్ వచ్చేవి. మొదటిసారి వచ్చినప్పుడు కళ్లు తేలేసి చేతుల్లోనే కట్టెలా బిగుసుకుపోయింది. ఆయన బండి తీసి నన్నూ పిల్లనూ ఎక్కించుకుని జగిత్యాల దాకా ఆపకుండా తోలాడు. అప్పటి నుంచి పిల్ల నుదురు గంటకోసారి ముట్టుకుని చూడకపోతే నాకు ఊపిరాడదు. ఆయన లేనప్పుడు మళ్లీ వస్తే ఏం చేయాలి? నాకు బండి నడపడం రాదు. ఆ సంగతే ఆయనతో అన్నాను.

"ఈడ ఏమున్నదే? గోడలు సుత ఒడిసిపోతున్నయ్," అన్నాడు.

"పిల్ల ఉన్నది గద."

"పిల్ల కోసమే గద పోతాన."



ఏజెంటు ఆఫీసుకు తాళం పడిందని ఒక సోమవారం తెలిసింది. ఫోన్ స్విచ్చాఫ్. పాస్‌పోర్ట్ అతని దగ్గరే ఉండిపోయింది. మా ఆయన ఆ ఆఫీసు మెట్ల మీద మధ్యాహ్నం దాకా కూర్చుని వచ్చాడు. అన్నం పెడితే కలిపి వదిలేశాడు. నేను పక్కన కూర్చుని విసనకర్రతో విసురుతున్నాను, నా ముఖం ఆయనకు కనబడకుండా చూసుకుంటూ. నాకు లోపల సంతోషంగా ఉంది. ఇది రాయడానికి సిగ్గుగానే ఉంది, కానీ నిజం. అతనికి డబ్బు కట్టి ఎంతమంది మునిగారో అప్పటికి నాకు తెలియదు. తెలిసినా ఆ పూట సంతోషపడే ఉండేదాన్నేమో.

రెండు రోజులకు ఫోన్లు మొదలయ్యాయి. గోడ మీద పైనున్న నంబరు పలకకపోతే జనం కింది నంబరుకు చేశారు. ఆ గోడల మీద మోగేది మా ఫోన్ ఒక్కటే. ఆయన పనికి పోయేటప్పుడు భయపడి ఫోన్ ఇంట్లో పెట్టి పోయేవాడు. నేను ఎత్తేదాన్ని.

కొడిమ్యాల దిక్కు నుంచి ఒకామె రోజూ చేసేది. ఆమె భర్త విజిట్ వీసా మీద పోయాడు. గడువు తీరిపోయి ఎక్కడో దాక్కుని పనిచేస్తున్నాడని ఒకరు, జైల్లో ఉన్నాడని ఒకరు చెప్పారట.

"అక్కా, మీరే పంపిండ్రు గద. యాడున్నడో చెప్పుండ్రి."

"మేం బొమ్మ గీసినోళ్లమమ్మా. పంపినోళ్లం కాదు."

"గట్లంటే ఎట్ల? గోడ మీద మీ నంబరే ఉన్నది. బాధ్యత అని సుత రాసి ఉన్నది. మా పిల్లగాడు సదివి చెప్పిండు."

"కనుక్కుంట" అన్నాను. ఏం కనుక్కుంటానో నాకే తెలియదు. మర్నాడు మళ్లీ అదే వేళకు చేసింది. ఆమె గొంతులో కోపం ఉండేది కాదు. అదే నాకు కష్టంగా ఉండేది.

ఒక రోజు ఆయన సున్నం బకెట్టు, కుంచె బండికి కట్టుకుని, గోడల మీద మన నంబరన్నా తుడిచి వస్తానని పోయాడు. ఆ రోజు ఫోన్ వెంట తీసుకుపోయాడు. మూడింటికి దాని నుంచి నా ఫోన్‌కు వేరే మగ గొంతు వచ్చింది.

"మీ ఆయిన సిరిసిల్లల మా కాడ ఉన్నడు. ఎవలన్న అచ్చి మాట్లాడి తీస్కపోండ్రి."

బిడ్డను ఎత్తుకుని బస్సులు మారి పోయాను. ఆ వాడలో ప్రతి ఇంట్లోనూ మరమగ్గాలు నడుస్తున్నాయి. ఆ చప్పుడుకు పిల్ల నా భుజంలో ముఖం దాచుకుంది. గోడ పక్కన నులక మంచం మీద ఆయన కూర్చుని ఉన్నాడు. చుట్టూ ఏడెనిమిది మంది మగవాళ్లు, మగ్గాలకు నూలు కండెలు చుట్టే ఒక ముసలామె. ఎవరూ ఆయన్ని కొట్టలేదు. గోడ మీద మా నంబరులో ముందు అంకెలు నాలుగో ఐదో సున్నం కింద పోయాయి.

ఫోన్ చేసినతను నాతో నిమ్మళంగానే మాట్లాడాడు. "చెల్లె, మేం కేసు పెట్టినం. వాడు పైసలు తీస్కోని మాకు రసీదు ఇయ్యలే, కాయితం ఇయ్యలే. మాకున్న సాక్ష్యం గీ గోడ ఒక్కటే. గిది తుడిస్తే ఇగ మా దగ్గర ఏమున్నది?"

"సాక్ష్యం తుడువమని వాడే పంపిండు," అన్నాడు ఇంకొకతను.

"అన్నా, నాకు గంత తెల్వదు. ఫోన్లు పడలేక తుడుస్తున్న," అన్నాడు మా ఆయన.

ముసలామె మంచం దగ్గరికి వచ్చింది. ఆమె కొడుకు గల్ఫ్ వెళ్లి ఏడు నెలలైందని తరువాత తెలిసింది. "మమ్ములనందరిని ఎక్కిచ్చినవ్ గదరా ఇమానం. మరి నువ్వేంది, ఎక్కలే?"

"ఎక్కుదామనే ఉన్న అవ్వా. నా పాస్‌పోర్ట్ సుత వాని దగ్గర్నే ఉండిపాయె."

ముందు ఎవరో ఒకరు నవ్వారు. దాంతో అందరూ నవ్వారు.

"వారీ, గీసినోన్ని సుత ముంచిండురా."

"గీనికి కిటికి పక్క సీటు ఇస్తనన్నడు గావచ్చు."

ఆ నవ్వులో కోపం కొంత కరిగింది. అప్పుడే ఒక నడివయసాయన గోడ వైపు చేయి చూపించాడు. ఆయన తమ్ముడు కూడా దుబాయ్‌లో చిక్కుకుపోయాడట.

"అంత సరె. గీ మాట ఎవడు రాసిండు? 'మీ వాళ్ల క్షేమం మా బాధ్యత.' బొమ్మ సూసి పోలేదు మావోడు. గీ మాట సదివి పోయిండు. రాసినోడు దొరికితే అడుగుత, యాడున్నదిర బాధ్యత అని."

బిడ్డ బరువంతా ఒక్కసారి నా చేతి మీదకి వచ్చినట్టయింది. మా ఆయన నా వైపు చూడలేదు. చూస్తే వాళ్లకు తెలిసిపోతుందని కావచ్చు, తల వంచుకునే చెప్పాడు.

"ఆ ఏజెంటే చెప్పిండన్నా. ఆడు చెప్పింది నేను రాసిన."

విడిచిపెట్టే ముందు వాళ్లు ఒక్కటే అడిగారు. తుడిచిన అంకెలు మళ్లీ రాయమన్నారు. మా ఆయన బండి పెట్టెలోంచి ఎర్ర రంగు, సన్న కుంచె తీసి, సున్నం ఇంకా తడిగా ఉన్నచోట మా నంబరు తిరిగి రాశాడు. అందరూ నిలబడి చూశారు. ముసలామె పిల్లకు చల్ల తెచ్చి తాగించింది. తిరిగి వచ్చేటప్పుడు బండి మీద నేను ఆ మాట ఎత్తలేదు. ఆయనా ఎత్తలేదు. ఆ మాట రాసింది నేనేనని ఇప్పటికీ వాళ్లకు తెలియదు.

తరువాతి నెలలో ఠాణా నుంచి ఫోన్ వచ్చింది. ఏజెంటు అద్దెకున్న గదిలో సంచీ నిండా పాస్‌పోర్టులు దొరికాయని, మీ ఆయనది కూడా ఉందని, వచ్చి సంతకం పెట్టి తీసుకుపొమ్మని. ఆయన జగిత్యాల దగ్గర ఒక బడిలో గోడ మీద దేశపటం వేస్తున్నాడు. సాయంత్రం వచ్చాక చెప్పాలనుకున్నాను. వచ్చాడు, స్నానం చేశాడు, పిల్లను ఒళ్లో వేసుకుని ఆడించాడు. చెప్పలేదు. మర్నాడూ చెప్పలేదు. దేశపటం పని అయిపోయాక ఆయనకు ఏ పనీ లేదు. ఏజెంటు బొమ్మలు రాసినవాడని ఎరువుల వాళ్లు కూడా గోడలు వేరేవాళ్లకు ఇచ్చారు. ఆయన వాకిట్లో కూర్చుని, ఉన్న కుంచెలనే మళ్లీ మళ్లీ కడుగుతుండేవాడు. అదంతా చూస్తూనే తొమ్మిది రోజులు ఊరుకున్నాను. నా కోసం అంత అబద్ధం ఆడిన మనిషి దగ్గర నేను నిజం దాచాను. పిల్ల నుదురు ముట్టుకున్నప్పుడల్లా చేస్తున్నది సరైనదే అనిపించేది. చేయి తీయగానే కాదనిపించేది.

పదో రోజు కొడిమ్యాల ఆమె ఫోన్ చేసింది. ఆయన ఇంట్లోనే ఉన్నాడు, ఆయనే ఎత్తాడు. ఆమె ఠాణాకు పోయి, తన భర్త కాగితాలేమైనా ఉన్నాయేమోనని అడిగిందట. ఉన్న పేర్లన్నీ చదివి వినిపించారట.

"అన్నా, మీది దొరికింది గద, సంతోషం. ఇంటికి ఫోన్ చేసినమన్నరు, ఇంక తీస్కపోలేదేందని అడిగిండ్రు," అందామె. నేను వంటింట్లోంచే విన్నాను. స్పీకర్ వేసి ఉంది.

ఆయన ఫోన్ పెట్టేసి వచ్చి గుమ్మంలో నిలబడ్డాడు.

"ఎప్పుడు చేసిండ్రు?"

"తొమ్మిది రోజులాయె."

తిడతాడనుకున్నాను. తిడితే బాగుండేది. "పిల్ల కోసమేనా?" అన్నాడు. తల ఊపాను. "నేను ఈడ ఉంటె దానికి జరం రాదా?" అన్నాడు. జవాబు కోసం ఆగకుండా చొక్కా వేసుకుని వెళ్లి పాస్‌పోర్ట్ తెచ్చుకున్నాడు.

ఈసారి వేరే ఊరి ఏజెంటు. ఆర్టిస్టు ఉద్యోగం కాదు. పెద్ద బిల్డింగులకు బయటి వైపు రంగు వేసే పని. తాళ్లకు కట్టిన ఊయల లాంటి దానిలో నిలబడి వేస్తారట. ఏం రంగు అని అడిగాను. తెల్లరంగే ఎక్కువ అన్నాడు. వీసా రావడానికి మూడు నెలలు పట్టింది, ఆలోగా నాకు బండి నడపడం నేర్పించాడు. బిడ్డను చున్నీతో నడుముకు కట్టుకుని జగిత్యాల దాకా ఒక్కదాన్నే పోయి వచ్చేదాకా వదలలేదు. కొడిమ్యాల ఆమె ఫోన్లు మాత్రం ఆగలేదు. ఆమె భర్త కబురు ఇంకా తెలియలేదు.

బయలుదేరే పొద్దున సంచి సర్దుతున్నాను. రెండు లుంగీలు, మామిడి తొక్కు సీసా, జ్వరం గోళీలు. ఆయన బీరువాలోంచి పాస్‌పోర్ట్ తీసి నా ముందు పెట్టాడు.

"గిది నువ్వే పెట్టు," అన్నాడు.

ఆయన చూస్తుండగానే దాన్ని పైజేబులో పెట్టి జిప్పు వేశాను.