గజ్జలో తెగిన అంచు

1978 మార్చి 14, మంగళవారం, ఉదయం తొమ్మిదింపావు. ఆ గడియ నా గుండె మీంచి ఇప్పటికీ దిగలేదు. ఎవరికీ చెప్పలేదు. మీకు చెబుతున్నాను.

పోర్టులో మూటలు మోసి మోసి, చివరికి విశాఖలోనే ఒక వైద్య కళాశాలలో అటెండరుగా చేరాను. శవాలు కోసి చదువుకునే హాలు. మందునీళ్ల తొట్టిలోంచి శవాన్ని తీసి బల్ల మీద పెట్టడం నా పని. నాకప్పటికి అక్షరం ముక్క రాదు. సత్యవతి అనే విద్యార్థిని నన్ను బాబాయ్ అనేది. ఆనందపురం రైతు కూతురు. పరీక్ష తప్పితే చదువు మాన్పిస్తానని వాళ్ల నాన్న అన్నాడట. తనే చెప్పింది.

మూడు వారాలు కూర్చుని ఒక శవం గజ్జను పొర పొరగా విప్పింది. తుంటి ఎముక మొన నుంచి పొత్తికడుపు కింది ముందు ఎముక దాకా తెల్లటి పట్టీ. పొట్ట మీది పొరే అక్కడ పంచె అంచులా మడతపడి గట్టిపడిందని, మూటలు మోసేవాళ్లకు పేగు జారేది దాని పైనుంచేనని నాకు చూపించింది. దానికే ఆ రోజు మార్కులు వేయాలి.

ఇద్దరు ఎత్తాల్సిన శవం. తోటి మనిషి గాజువాక నుంచి ఇంకా రాలేదు. ఆగలేదు నేను. ఎందుకా తొందర? తొట్టిలోంచి శవాన్ని లాగే కొక్కెం గజ్జలో తగులుకుంది. పట్టీ ఎముక దగ్గర పుటుక్కున తెగింది. తడిగుడ్డ కప్పేశాను.

ప్రొఫెసరు శేషయ్యగారు గుడ్డ తీశారు. పక్కనున్న విద్యార్థి రాజారావు నవ్వాడు. "పేగుని కాసేదాన్నే కోసీసినావేటి?"

సత్యవతి నా వైపు తిరిగింది. "బాబాయ్, నిన్న బాగానే ఉంది గదా. నువ్వు సూసినావు గదా."

"నాను శవాలు మోసేవోణ్ణమ్మా. నాకేటి తెలుస్తాది? నిన్న సాయంత్రం దాకా నువ్వే కదా కోసినావు."

భయమేనా? ఉద్యోగం పోతుందనేనా? అంతే అయితే మర్నాడైనా చెప్పేవాణ్ణి. చదువుకున్న పిల్ల మాట కన్నా నా మాట నెగ్గిందని లోపల ఎక్కడో చిన్న సంతోషం కలిగిందేమోనని ఇన్నేళ్లుగా నన్ను నేను తవ్వుకుంటూనే ఉన్నాను. కలిగింది.

ఆమె తప్పింది. వాళ్ల నాన్న వచ్చి తీసుకెళ్లిపోయాడు. పెట్టె బస్సు మీదికి ఎక్కించింది నేనే.

యాభై దాటాక అక్షరాలు నేర్చుకున్నాను. రాయడం రాదన్న సాకు అప్పుడే పోయింది. అయినా ఇన్నాళ్లు పట్టింది. క్షమించమని అడగను. రాశాక ఊపిరి కాస్త ఆడుతోంది, అంతే.

ఆ రోజు ఆ బల్ల దగ్గర ఉన్నవాళ్లు: శేషయ్యగారు. రాజారావు. అంతసేపూ తల దించుకుని నిలబడ్డ కమల అనే ఇంకో విద్యార్థిని. పేరెవరికీ తెలియని ఆ శవం. సత్యవతి. నేను.