మిస్ ఎర్నెస్టీన్ సాక్ష్యం

టీవీలో కంకర రోడ్డు మీద కారు మెల్లగా వచ్చి ఆగిన చప్పుడు వినగానే నా చెయ్యి దానంతటదే రిమోట్ మీదికి వెళ్లింది. నల్లజాతివాళ్ల హక్కుల పోరాటం సాగిన రోజుల్లో జరిగిన హత్యల మీద దర్యాప్తు గురించిన పాత సీరియల్ అది. స్కూల్లో చూడమన్నారని మా అమ్మాయి పెట్టుకుంది. "అమ్మా, ఎందుకు మ్యూట్ చేశావ్? అది ఇంపార్టెంట్ సీన్" అంది. ఆ చప్పుడు దగ్గర సౌండు తీసెయ్యడం నా అలవాటు కాదు, మిస్ ఎర్నెస్టీన్‌ది. ఆవిడ పక్కన కూర్చుని చూసీ చూసీ నాకూ అంటుకుంది.

అప్పట్లో అమెరికాలో మోరిస్‌విల్ అనే ఊళ్లో అద్దెకుండేవాళ్లం. మా కింది అపార్ట్‌మెంట్ ఆవిడది. స్కూల్ బస్సు నడిపి రిటైరైన మనిషి, అరవై దాటాయి. ఆదివారం చర్చి నుంచి రాగానే తలుపు కొట్టి నన్నూ, మూడేళ్ల మా పాపనూ కిందికి పిలిచేది. ఈ సీరియల్ పెట్టుకుని, కారు వచ్చే ప్రతిచోటా సౌండు తీసేసేది. ఒకరోజు కారణం అడిగాను.

"నాకు పన్నెండేళ్లు. మిసిసిపీలో మా ఊళ్లో మిస్టర్ ఏమోస్ అని ఉండేవాడు. మా నల్లవాళ్లను ఓటు నమోదుకు తీసుకెళ్లేవాడు. ఒక సాయంత్రం ఆయన కారు మా వరండా ముందు నుంచే వెళ్లింది, వెనకే ఒక ట్రక్కు. ట్రక్కు నడుపుతున్న తెల్లవాణ్ణి గుర్తుపట్టాను. మర్నాడు ఏమోస్ శవం వాగులో దొరికింది. మా అమ్మ నా నోరు మూసి, నువ్వేమీ చూడలేదు అంది." నలభై ఏళ్ల తర్వాత ఆ కేసు మళ్లీ తెరిచి అధికారులు ఇంటికొచ్చినప్పుడే ఆవిడ నోరు విప్పింది. విచారణ మొదలుకాకముందే నిందితుడు ముసలితనంతో పోయాడు. "సీరియల్లో అయితే గంటలో పట్టుకుంటారు" అని నవ్వింది. నేను నవ్వలేకపోయాను.

ఆ వేసవిలోనే అది జరిగింది. మధ్యాహ్నం వంటింటి కిటికీ దగ్గర ఉన్నాను. కింద లియోన్ అనే నల్లజాతి మనిషి గడ్డి కోస్తున్నాడు. గడ్డి తన పికప్ ట్రక్కు మీద పడిందని ఎదురు బిల్డింగ్‌లో ఉండే తెల్లాయన అరిచాడు. నల్లజాతిని తిట్టే మాట, నేను ఇక్కడ రాయలేనిది, ఒకటి అన్నాడు. తర్వాత బండెక్కి, అద్దంలో లియోన్‌ను చూస్తూనే వెనక్కి పోనిచ్చాడు. లియోన్ కాలు విరిగింది. కాలు జారి యాక్సిలరేటర్ మీద పడిందని ఆ తెల్లాయన పోలీసులకు చెప్పాడు. ఆఫీసర్ ఇల్లిల్లూ తిరిగి మా తలుపు కొడితే, "వంట చేసుకుంటున్నాను, ఏమీ చూడలేదు" అన్నాను.

సాయంత్రం మా ఆయన అంతా విని, "మంచి పని చేశావు సుధా. హెచ్ వన్ వీసా ఎక్స్‌టెన్షన్ పెండింగ్‌లో ఉంది. పోలీసులు, కోర్టు అంటూ మనకెందుకు రిస్క్?" అన్నాడు. నాకు రెండు రోజులు అన్నం సహించలేదు. తలుపు చప్పుడైతే చాలు, ఉలిక్కిపడేదాన్ని.

మూడో రోజు కిందికి వెళ్లి మిస్ ఎర్నెస్టీన్‌కు చెప్పేశాను. తిడుతుందనుకున్నాను. ఆవిడ తన అరచేతికేసి చూసుకుంది.

"మా అమ్మ నన్ను బతికించుకుంది. ఆమెను తప్పుపట్టను. నిన్నూ పట్టను. కానీ తర్వాత ఎలా ఉంటుందో చెబుతాను, విను. ఆ ట్రక్కు నడిపినవాడిది మా ఊరి కిరాణా కొట్టు. ప్రతి శనివారం సరుకులకు నేనే వెళ్లాలి. నా చేతిలో పిప్పరమెంటు బిళ్ల పెట్టేవాడు. థాంక్యూ సర్ అని తీసుకునేదాన్ని. పెళ్లై ఆ ఊరు వదిలేదాకా తీసుకున్నాను."

"నాకు భయంగా ఉంది" అన్నాను.

"ఉండాలి. నాకూ ఉంది. కారు తాళాలు తెస్తానుండు."

పోలీస్ స్టేషన్‌లో నేను చెప్పేదంతా రాసుకుని, "కచ్చితంగా విన్నారా ఆ మాట?" అని ఆఫీసర్ రెండుసార్లు అడిగాడు. రెండుసార్లూ విన్నానన్నాను. సంతకం పెట్టాను. ఆ తర్వాత కొన్ని వారాలు ఆ తెల్లాయన మా బాల్కనీ కింద పికప్ ఆపి ఇంజన్ రొద పెట్టేవాడు. మా ఆయన నాతో సరిగా మాట్లాడేవాడు కాదు. పొద్దున పాపను కారెక్కించి మేం గేటు దాటేవరకూ మిస్ ఎర్నెస్టీన్ కాఫీ కప్పుతో తన మెట్ల మీద నిలబడేది. చివరికి ఆ తెల్లాయన నేరం ఒప్పుకుని ఆ చోటు వదిలి వెళ్లాడు. లియోన్ మళ్లీ పనిలోకి వచ్చాడు, కాలు ఈడ్చుకుంటూ. మా ఎక్స్‌టెన్షన్ మామూలుగానే వచ్చింది. ఆ ఉత్తరం చూపిస్తూ మా ఆయన, "కిందికెళ్లి ఆవిడకు చెప్పిరా" అన్నాడు.

మరుసటి ఏడు ఆవిడ కూతురి దగ్గరికి అట్లాంటా వెళ్లిపోయింది. రెండేళ్లకు పోయిందని తెలిసింది. అట్లాంటా వెళ్లేముందు ఆవిడ సామాను సర్దుకుంటుంటే అడిగాను: "శిక్ష పడకుండానే ఆ కిరాణా కొట్టువాడు చచ్చిపోయాడు కదా, మీరు చెప్పి ఏం లాభం కలిగింది?"

"నేను సాక్ష్యం చెప్పాక ఏమోస్ కూతురు నా దగ్గరికి వచ్చింది. నాన్న పోయేనాటికి చంటిపిల్ల. ఆ సాయంత్రం మా నాన్న ఏ చొక్కా వేసుకున్నాడు అని అడిగింది. నీలం చొక్కా, చొక్కా చేతులు పైకి మడిచి ఉన్నాయి, కిటికీ మీద మోచెయ్యి పెట్టుకున్నాడని చెప్పాను. ఆ పిల్ల అదంతా కాగితం మీద రాసుకుంది."

ఇప్పుడు దుకాణంలోనో, ఎయిర్‌పోర్టులోనో ఎవరైనా ఇంకొకరి మీద గొంతు పెంచితే నా గుండె ముందులాగే దడదడలాడుతుంది. అయినా అక్కడి నుంచి కదలను. ఎదుట తలవంచుకుని నిలబడ్డ మనిషి చొక్కా రంగు గుర్తుపెట్టుకుంటాను.